పక్క వేషం

మన సినిమా వాళ్ల పరిభాషలో ఒక విచిత్రమైన మాట ఉంది. నాయకుడూ నాయికా కాకుండా, తండ్రిగానో, మామగానో, గుమాస్తాగానో, పక్కింటి పెద్దమనిషిగానో వేషం కట్టే నటుణ్ణి 'క్యారెక్టర్ ఆర్టిస్టు' అంటారు. పత్రికల వాళ్లు దాన్ని 'గుణచిత్ర నటుడు' అని తెలుగు చేశారు. ఆలోచిస్తే నవ్వొస్తుంది. గుణం చూపించే పని ఇతడిదైతే, గోడల నిండా పోస్టర్లయి కనిపించే ఆ కథానాయకుడు చూపించేదేమిటి? ఆయనకు గుణంతో పని లేదా?

చాలా ఏళ్లుగా కన్నడ దేశంలో ఉద్యోగం చేస్తున్నవాణ్ణి గనక, ఇదే మనిషిని కన్నడ పత్రికలు ఏమంటాయో కూడా నాకు తెలుసు. వాళ్లు 'పోషక నట' అంటారు. మనకు పోషకుడంటే డబ్బిచ్చి ఆదుకునే దొడ్డమనిషి. చిన్న పత్రికల అట్ట లోపలి వైపు 'రాజపోషకులు', 'పోషకులు' అని వరసగా పేర్లు వేస్తారే, ఆ అర్థం. కన్నడ తెర మీద మాత్రం పోషకుడంటే కథకు బలం పెట్టేవాడు, పెంచేవాడు. ఒకే సంస్కృత పదాన్ని ఇద్దరమూ తెచ్చుకున్నాం. మనం దాన్ని చందా పుస్తకానికి వాడుకున్నాం. వాళ్లు ఒక నటుడికి ఇచ్చారు. ఈ విషయంలో నాకు కన్నడిగుల మీద కాస్త అసూయ.

మాటల సంగతి అలా ఉంచి, వాటి వెనక ఉన్న ప్రశ్నకు వస్తాను. యాభై ఏళ్లపాటు ఇతరుల కథల్ని పోషిస్తూ గడిపిన మనిషి తన కథను తాను బతికినట్టా, కాదా?

ప్రశ్న సినిమాలతో ఆగిపోయేదైతే దీని మీద నేను కలం పట్టేవాణ్ణి కాదు. బి.కాం. చదివి బ్యాంకులో చేరినవాణ్ణి. రిటైర్మెంటు కనుచూపు మేరలో ఉన్నవాణ్ణి. నేనుండేది బెంగుళూరు దక్షిణపు అంచున, హోసూరు రోడ్డు మీద, బొమ్మసంద్రలో. 'సంద్ర' అంటే సముద్రమే, అంటే ఊరి చెరువు. ముందున్న బొమ్మ ఏ బొమ్మో గాని, మన వాళ్లు సినిమాను కూడా బొమ్మే అంటారు గనక, ఊరి పేరే నాకు సినిమా గురించి రాసే లైసెన్సు ఇచ్చిందని మిత్రులు వేళాకోళం చేస్తుంటారు. ఇది పారిశ్రామిక వాడ. 2025 ఆగస్టులో మెట్రో పసుపు మార్గం ఇక్కడిదాకా వచ్చింది. ఆ రైలు దిగి ఫ్యాక్టరీ షిఫ్టులకు నడిచే వాళ్లను చూస్తే, తన పేరు మీద కథ నడిచేవాడు వీళ్లలో ఎందరుంటారని అనిపిస్తుంది. ఒకడు యంత్రానికి నూనె పెట్టేవాడు, ఒకడు సరుకు లెక్క రాసేవాడు, ఒకామె పరీక్షలకు గాజు సీసాలు కడిగి అందించేది. అందరూ పక్క వేషాల వాళ్లే. వాళ్లకు కాగితాలు సరిచూసి పెట్టే నేనూ అంతే. కాబట్టి పై ప్రశ్న మనందరిదీ.

దీనికి సాధారణంగా దొరికే జవాబు ఒకటుంది: వేషంలో చిన్నా పెద్దా లేవు, నటించడంలోనే ఉంది అంతా అని. వినడానికి బాగుంటుంది. అయితే ఈ మాటను ఎక్కువగా పెద్ద వేషాల వాళ్లే చెబుతారు. చిన్న వేషం వేసినవాడు చెబితే అది ఓదార్పు. పెద్ద వేషం వేసినవాడు చెబితే దానికి ఖర్చేమీ లేదు. కామర్సు వాణ్ణి గనక ముందు లెక్క చూద్దాం.

అమెరికాలో ఆస్కార్ బహుమతులకు 1937లో జరిగిన తొమ్మిదో ఉత్సవంలో మొదటిసారి సహాయ నటుల విభాగం పెట్టారు. నాయక పాత్రల వాళ్లకు బంగారు పూత ప్రతిమ ఇచ్చారు. సహాయ నటులకు గోడకు తగిలించుకునే ఫలకం ఇచ్చారు. నిండు ప్రతిమ వీళ్ల చేతికి రావడానికి 1944 దాకా పట్టింది. మన దేశంలో జాతీయ చలనచిత్ర బహుమతులు 1954లో మొదలయ్యాయి. ఉత్తమ నటుడికి విడిగా బహుమతి 1967 చిత్రాలనుంచి ఉంది. ఉత్తమ సహాయ నటుడికి 1984 చిత్రాలనుంచే. ఆ బహుమతి మన పి.ఎల్. నారాయణకు 1991 సంవత్సరానికి 'యజ్ఞం' చిత్రంలోని నటనకు వచ్చింది. అది కాళీపట్నం రామారావు గారి కథ ఆధారంగా తీసిన చిత్రం. అంటే పక్క వేషాన్ని లోకం గుర్తించకపోలేదు, కాకపోతే ఆలస్యంగా గుర్తించింది, మొదట్లో కాస్త తక్కువ లోహంతో గుర్తించింది. లెక్క ఇలా ఉండగా చిన్నా పెద్దా లేవనడం పద్దు దిద్దడమే అవుతుంది. తేడా ఉంది. ఉన్నదని ఒప్పుకున్నాకే అసలు విచారణ మొదలవుతుంది.

ఇంతకీ పక్క నటుడు చేసే పనేమిటి? ఇందుకు నాకు వెంటనే గుర్తొచ్చే మనిషి గుమ్మడి వెంకటేశ్వరరావు గారు. తెనాలి దగ్గర రావికంపాడులో 1927లో పుట్టారు. 1950లో 'అదృష్టదీపుడు'తో తెర మీదికి వచ్చారు. 1955లో వచ్చిన 'అర్ధాంగి'లో ఆయన జమీందారు, అక్కినేని నాగేశ్వరరావు ఆయన కొడుకు. పుట్టిన సంవత్సరాలు చూస్తే కొడుకు వేషం వేసినాయన 1924 వాడు, తండ్రి వేషం వేసినాయన 1927 వాడు! అప్పటికి ఇరవై ఎనిమిదేళ్ల యువకుడు నెత్తికి నెరిసిన జుట్టు పెట్టుకుని, తనకన్న పెద్దవాణ్ణి 'బాబూ' అనవలసి వచ్చింది. ఆ తరవాత దశాబ్దాలపాటు గుమ్మడి గారు తండ్రి, అన్న, గురువు, మంత్రి, జడ్జి. తోటివాళ్లు తెర మీద కాలేజీ కుర్రాళ్లుగా ఉండిపోతే, ఈయన ముందే ముసలివాడై వాళ్ల కోసం ఎదురుచూస్తున్నట్టు ఉండేది.

మనం ఆ చిత్రాలు చూసినప్పుడు వయసు లెక్కలు వేసుకోలేదు. నమ్మాం. ఎందుకు నమ్మాం? కొడుకు వేషం వేసినాయన ఎంత గొప్ప నటుడైనా, తాను కొడుకునని తానే నిరూపించుకోలేడు. ఎదుట ఒక తండ్రి నిలబడి, అతని కేసి తండ్రి చూసే చూపు చూడాలి. నాటకాల వాళ్లలో ఒక అనుభవం ఉంది: సింహాసనం మీద కూర్చున్నవాడు రాజుగా నటించనక్కర్లేదు, చుట్టూ ఉన్నవాళ్లు భయభక్తులతో నిలబడితే వాడే రాజవుతాడు. వాళ్లు ఆవులిస్తే ఎంత కిరీటం పెట్టినా లాభం లేదు. నాయకుణ్ణి నాయకుడు చేసేది పక్కవాడి కళ్లలోని నమ్మకం. తెర మీద నాయకుడు మాట్లాడుతుంటే, వింటున్న మనిషి ముఖం ఒక్క క్షణం చూపిస్తారే, ఆ క్షణంలో అతడికి మాటలుండవు. వినడమే అతని పని. ఆ వినడం నిజమైతే మాట నిజమవుతుంది.

ఈ సంగతి నాకు పుస్తకాలు చదివి తెలిసింది కాదు, బ్యాంకులో తెలిసింది. అప్పు కాగితాల్లో ముఖ్యమైన మనిషి అప్పు తీసుకునేవాడు. పథకం అతనిది, షెడ్డు అతనిది, పేరు అతనిది. కాగితం అడుగున ఇంకొక సంతకం ఉంటుంది: ష్యూరిటీ, మన మాటల్లో జామీను. 1872 నాటి కాంట్రాక్టు చట్టం, 128వ సెక్షను, మా బి.కాం. రోజుల్లో బట్టీ పట్టినదే, ఏమంటుందంటే, వేరే ఒప్పందం లేకపోతే జామీనుదారు బాధ్యత అసలు బాకీదారు బాధ్యతతో సమానం. లాభంలో మాత్రం వాటా లేదు. షెడ్డు పెరిగితే పేరు బాకీదారుది. కుంటుపడితే నోటీసు ఇద్దరికీ.

కొన్నేళ్ల కింద ఒక చిన్న వర్కుషాపు మూతపడింది. అప్పు తీసుకున్న కుర్రాడు ఊరు విడిచి వెళ్లాడు. జామీను పెట్టినాయన ఇక్కడే ఒక ఫ్యాక్టరీలో సూపర్‌వైజరు, చిత్తూరు జిల్లా వైపు మనిషి. నెలనెలా వచ్చి మూడేళ్లకు పైగా కంతులు కట్టి బాకీ తీర్చాడు. ఒకసారి నేను, "మీకు కష్టంగా లేదా అన్నా?" అని అడిగాను. ఆయన కోపం తెచ్చుకోలేదు, పెద్ద మాటలూ చెప్పలేదు. "సార్, మీరు వానిని చూసి అప్పు ఈలేదు గదా. నా సంతకం చూసి ఇచ్చినారు. అంటే మాట ఇచ్చింది నేనే. వాడు పోయినాడని నా మాట పోతాదా?" అన్నాడు.

గుమ్మడి గారు చేసిన పని కూడా ఇదేనని నాకు తోస్తుంది. కథ నాయకుడిది, కింద జామీను సంతకం ఆయనది. మనం నాయకుణ్ణి చూసి నమ్మామనుకుంటాం. పక్కవాడి సంతకం చూసి నమ్మాం.

దీన్ని విని మా సహోద్యోగి ఒకాయన, మంచి చదువరి, నాతో గట్టిగా వాదించాడు. "ఇది బానిస వేదాంతం. పక్కన నిలబడి తల ఊపడంలో గొప్పతనం ఉందని చెబితే, ఎవరికి లాభం? మధ్యలో నిలబడ్డవాడికి. పని చేసేవాణ్ణి తృప్తిగా ఉంచడానికి యజమానులు కనిపెట్టిన పాట ఇది" అన్నాడు. ఆ మాటను తేలిగ్గా తీసెయ్యడానికి లేదు. సేవ, విధేయత, త్యాగం అనే మాటల కింద ఎంత అన్యాయం దాగుందో ఆడవాళ్లను అడిగితే చెబుతారు. అందుచేత పోషించడానికీ తల ఊపడానికీ తేడా ఏమిటో తేల్చుకోక తప్పదు.

ఇక్కడ 1962 సంవత్సరం నాకు సాయపడుతుంది. ఆ ఏడాది కమలాకర కామేశ్వరరావు గారి దర్శకత్వంలో రెండు చిత్రాలు వచ్చాయి: 'గుండమ్మ కథ', 'మహామంత్రి తిమ్మరుసు'. రెండింటిలోనూ ఎన్.టి. రామారావు గారున్నారు. రెండింటి పేర్లూ మాత్రం ఆయన పాత్రవి కావు. ఒకటి సూర్యకాంతం వేసిన గుండమ్మది, ఇంకొకటి గుమ్మడి వేసిన తిమ్మరుసుది. తెలుగు సినిమా తారల వెలుగులో మునిగి ఉన్న రోజుల్లో, ఒకే సంవత్సరం, ఒకే దర్శకుడు, పక్క వేషాల పేర్లు నెత్తిన పెట్టి రెండు సినిమాలు తీశాడంటే, అప్పటి వాళ్లకు కథ ఎవరి భుజం మీద నడుస్తున్నదో తెలుసునన్నమాట.

తిమ్మరుసు కథ మనకూ కన్నడిగులకూ ఉమ్మడి ఆస్తి. రాయలు ఆయన్ని 'అప్పాజీ' అని పిలిచేవాడని రెండు భాషల వాళ్లమూ చెప్పుకుంటాం. పదహారో శతాబ్దంలో విజయనగరంలో ఉండి వెళ్లిన పోర్చుగీసు వర్తకుడు నూనిజ్ రాసిపెట్టిన కథ ప్రకారం, మరణశయ్య మీద ఉన్న రాజు తన చిన్న కొడుక్కు పట్టం దక్కాలని, తమ్ముడైన కృష్ణరాయల కళ్లు తీయించమని మంత్రికి ఆజ్ఞ ఇచ్చాడు. మంత్రి మేక కళ్లు తెచ్చి చూపించి, రాయల్ని దాచి కాపాడాడు. ఆ రాయలే చక్రవర్తి అయ్యాడు. చాలా ఏళ్లకు, పసివాడైన తన కొడుకు విషప్రయోగంతో పోయాడనీ, అది మంత్రి ఇంటివాళ్ల పనేననీ అనుమానించి, అదే రాయలు ఆ మంత్రి కళ్లు తీయించాడు. చరిత్రకారులు ఇందులో ఏది ఎంత నిజమని వాదించుకుంటారు. నీతి విచారణకు మాత్రం ఈ కథ చాలు.

మా మిత్రుడి ప్రశ్నకు జవాబు ఇందులో ఉంది. తిమ్మరుసు జీవితమంతా పక్క వేషమే; ఒక్కనాడూ సింహాసనం ఎక్కలేదు. కాని ఆ రాజ్యం నిలబడింది ఆయన తల ఊపినందుకు కాదు, ఊపనందుకు. రాజాజ్ఞను పాటించి ఉంటే ఆయన మంచి సేవకుడు, రాయలు గుడ్డివాడు. ఆముక్తమాల్యదా లేదు, అష్టదిగ్గజాలూ లేరు. పోషకుడు కావాలంటే 'కాదు' అనగల శక్తి మనిషి దగ్గర ఉండాలి. అది లేనివాడి సాయం నీడలాంటిది. ఎటు వెలుగు పడితే అటు తిరుగుతుంది. జామీనుదారు సంతకానికి విలువ ఎందుకుంది? అతడు పెట్టకుండా ఉండగలడు గనక. అడిగిన ప్రతివాడికీ సంతకం పెట్టేవాడి జామీను ఏ బ్యాంకూ పుచ్చుకోదు.

తల ఊపకపోవడం కూడా ఎల్లప్పుడూ మంచికే దారితీస్తుందని చెప్పలేను. కన్నడంలో పుట్టణ్ణ కణగాల్ తీసిన 'నాగరహావు', 1972 నాటి చిత్రం, ఇక్కడి వాళ్లందరికీ గుర్తే. అందులో కె.ఎస్. అశ్వత్థ్ వేసిన చామయ్య మేష్టారికి సొంత పిల్లలు లేరు. మొండి శిష్యుడు రామాచారే కొడుకు. లోకమంతా ఆ కుర్రాణ్ణి తిడుతుంటే ఈ ఒక్క మనిషి నమ్ముతాడు. ఆ నమ్మకం చూసే మనమూ రామాచారిని ప్రేమిస్తాం. కాని ఆ మేష్టారే ఒకనాడు లోకమర్యాదకు లొంగి, ప్రేమించిన పిల్లను వదులుకొమ్మంటాడు. శిష్యుడు కాదనలేకపోతాడు. అతని పతనం అక్కణ్ణుంచి మొదలవుతుంది. చూశారా, పక్కవాడి ఒక్క మాట నాయకుడి జీవితాన్ని ఎటు తిప్పిందో! పక్కన ఉన్నాం గనక మన బాధ్యత తక్కువని అనుకోవడానికి వీల్లేదు. చట్టం చెప్పినట్టు, బాధ్యత సమానమే.

ఇక గుండమ్మ. ఈ చిత్రం విఠలాచార్య కన్నడంలో 1958లో తీసిన 'మనె తుంబిద హెణ్ణు'కు తెలుగు రూపం. మన ఇంటి గయ్యాళి కూడా బెంగుళూరు మీదుగా వచ్చిందని మనం గర్వంగా చెప్పుకోవచ్చు. సూర్యకాంతం గారు 1924లో కాకినాడ ప్రాంతంలో పుట్టారు. ఎన్నో చిత్రాల్లో గయ్యాళి అత్తగా, సవతి తల్లిగా కనిపించారు. బయట ఆమె పెద్ద చెయ్యి అనీ, షూటింగులకు ఇంటినుంచి వంటకాలు తెచ్చి అందరికీ పెట్టేవారనీ తోటి నటులు చెప్పేవారు. అయినా తెలుగునాట ఆడపిల్లలకు 'సూర్యకాంతం' అని పేరు పెట్టడం మానేశారన్న మాట వాడుకలో నిలిచిపోయింది. ఎంత చక్కని పేరు! ఒక మణి పేరు. కోడళ్ల ఓర్పు లోకానికి కనిపించాలంటే ఎవరో ఒకరు గయ్యాళి కావాలి. ఆమె అయ్యారు. సావిత్రికి సానుభూతి దక్కింది. ఈమెకు దక్కింది భయం, నవ్వు, చివరికి తన పేరుకు వారసులు లేకపోవడం. మంచివాడికి జామీను పడటం ఒక ఎత్తు. మంచితనం కనబడటం కోసం చెడ్డపేరు తాను మోయడం ఇంకొక ఎత్తు. ఇళ్లల్లో, ఆఫీసుల్లో ఈ వేషం వేసేవాళ్లను మనం ఎరుగుదుం. క్రమశిక్షణ చెప్పే తల్లి, అప్పు వసూలుకు వెళ్లే ఉద్యోగి, సెలవు లేదని చెప్పే హెడ్డు గుమాస్తా. తీపి మాటలన్నీ ఇంకెవరికో వదిలి చేదు మాట తాము చెప్పేవాళ్లు.

పేరుతో పోతే అదీ ఒక మాట. శరీరంతో చెల్లించినవాళ్లూ ఉన్నారు. నూతన్ ప్రసాద్ గారిని ఈ తరం ఎంతగా ఎరుగునో గాని, మా వయసు వాళ్లకు ఆ విరుపూ ఆ గొంతూ చెవిలోనే ఉంటాయి. బాపు గారి చిత్రాలతో వెలుగులోకి వచ్చి, విలనీని హాస్యంతో కలిపి కొత్త రుచి తెచ్చిన నటుడు. 1989లో 'బామ్మ మాట బంగారు బాట' షూటింగులో, క్రేనుకు వేలాడదీసిన కారు కింద పడింది. వెన్నెముక దెబ్బతింది. ఆ తరవాత ఆయన జీవితం చక్రాల కుర్చీలోనే గడిచింది. చిత్రం పూర్తయింది, విడుదలైంది, జనం చూశారు. సినిమా ఎవరికోసమూ ఆగదు.

అయితే ఆయనా ఆగలేదు. కుర్చీలో కూర్చునే వేషాలు వేశారు. తరవాత ఈటీవీలో 'నేరాలు-ఘోరాలు' కార్యక్రమానికి ఆయన గొంతు ప్రాణమైంది. సినిమా థియేటరుకు మనం వెళ్లాలి. టీవీ మన ఇంటికి వస్తుంది. కదలలేని మనిషి రాత్రిపూట వేల ఇళ్లలోకి నడిచి వచ్చి, "జాగ్రత్త నాయనా" అన్నట్టు మాట్లాడాడు. ఎవరిదో నేరం, ఎవరిదో దుఃఖం, మధ్యలో చెప్పే గొంతు ఈయనది. ఇంతకన్న పక్క వేషం ఏముంటుంది? ముఖం కూడా అక్కర్లేని వేషం. 2011లో ఆయన పోయాక కూడా ఆ గొంతును అనుకరించేవాళ్లు ఉన్నారు.

ఇలాంటి జీవితాన్ని చూపించి 'ఎంత ఆత్మస్థైర్యం!' అని మెచ్చుకుని ఊరుకుంటే మా మిత్రుడి విమర్శ నిజమైపోతుంది. మెచ్చుకోలు ఖర్చులేని పద్దు. పక్క వేషం గౌరవనీయమని నమ్మేవాడు దానికి బాకీ కూడా ఒప్పుకోవాలి. ప్రమాదంలో అతనికీ వాటా ఉన్నప్పుడు భద్రతలో వాటా ఉండాలి. కష్టంలో ఉన్నప్పుడు కూలిలో ఉండాలి. కథలో ఉన్నప్పుడు పేరులో ఉండాలి. సినిమా చివర పేర్లు వస్తుంటే లేచి వెళ్లిపోతాం. టీవీలో ఆ పేర్లు చదవనివ్వకుండానే ప్రకటన వచ్చి పడుతుంది. ఫ్యాక్టరీ వార్షికోత్సవంలో వేదిక మీద ఎవరుంటారో మనకు తెలుసు. పోషించినవాణ్ణి పోషించడం ధర్మం. అది దయ కాదు, బాకీ. బాకీని దయ అని పిలిస్తే లెక్క తప్పు.

ఇక మొదటి ప్రశ్న. ఈ మనుషులు తమ కథ తాము బతికారా?

జంట పద్దు విధానంలో ప్రతి పద్దుకూ రెండు చోట్లుంటాయి. ఒక ఖాతాలో రాసింది ఇంకొక ఖాతాలో తప్పకుండా కనిపిస్తుంది. గుమ్మడి గారి జీవితాన్ని ఆయన ఒక్కడి ఖాతాలో వెతికితే, నాయకుడిగా పేరున్న చిత్రాలు వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. కాని అక్కినేని కొడుకుగా, రామారావు రాయలుగా మనకు గుర్తుండిపోయిన ప్రతిచోటా ఎదుటి వైపు ఒక పద్దు ఉంది, అది ఈయనది. ఆయన కథ లేకపోలేదు. ఇతరుల పుస్తకాల్లో చెదరి ఉంది. మొత్తం కూడాలంటే అన్ని పుస్తకాలూ తెరవాలి. బహుశా మనలో చాలామంది జీవితాలు ఇలాగే రాసి ఉంటాయి. నా జమ ఎంతని నా ఖాతా ఒక్కటే చూసుకుంటే దిగులే మిగులుతుంది.

2010 జనవరిలో ఒక సంగతి జరిగింది. 18వ తేదీన అశ్వత్థ్ గారు పోయారు. 26వ తేదీన గుమ్మడి గారు పోయారు. ఒకరు 1925 వారు, మరొకరు 1927 వారు. ఎనిమిది రోజుల తేడాతో కన్నడ తెర ఒక తండ్రినీ, తెలుగు తెర ఒక తండ్రినీ కోల్పోయాయి. రెండు భాషల మధ్య బతికే మనబోటివాళ్లకు రెండు వైపులా మైల పట్టినట్టయింది. కర్ణాటక ప్రభుత్వం ఉత్తమ పోషక నటుడికి ఇచ్చే బహుమతికి అశ్వత్థ్ పేరు పెట్టింది. ఒక పెద్ద నాయకుడి పేరు పెట్టకుండా, ఆ వేషం వేసినవాడి పేరే పెట్టారు. అది నాకు నచ్చింది.

ఈ పత్రిక చదివే మనం కూడా ఈ నేల మీద ఒక రకంగా పోషక నటులమే. ఇక్కడి కథకు నాయకభాష కన్నడం, అది న్యాయం. మనం ఆ కథలో మధ్యకు తోసుకు రానక్కర్లేదు, మూల నిలబడి తల ఊపే గుంపూ కానక్కర్లేదు. ఇక్కడి పంటకూ పనికీ పాటకూ మన వంతు బలం పెట్టి, మన పిల్లలకు మన మాట నేర్పుకుని, అన్యాయమనిపించినప్పుడు తిమ్మరుసులాగా నెమ్మదిగా 'కాదు' అనగలిగితే, మన వేషం మనం చక్కగా వేసినట్టే. అప్పుడు పోషించినందుకు పేరు అడిగే హక్కు కూడా మనకుంటుంది.

మొదట వేసుకున్న వేళాకోళపు ప్రశ్నను ఇప్పుడు వెనక్కి తీసుకుంటాను. ప్రతి మనిషికీ నాయకుడి వేషం ఒక్కటే దొరుకుతుంది, అదీ తన సొంత కథలో, తన లోపల. మిగతావన్నీ పక్క వేషాలే: ఒకరికి కొడుకు, ఒకరికి తండ్రి, ఒకరికి పొరుగువాడు, ఒకరికి జామీను, రైల్లో ఎదుట కూర్చున్న ముఖం తెలియని మనిషికి కాస్త జరిగి చోటిచ్చేవాడు. నాయకుడి వేషంలో ఉన్నప్పుడు మనకు మన కోరిక తెలుస్తుంది, మన భయం తెలుస్తుంది. మన గుణం మాత్రం ఈ రెండో రకం వేషాల్లోనే బయటపడుతుంది. కాబట్టి 'గుణచిత్ర నటుడు' అన్నది సరైన మాటే. ఆ పేరు పెట్టినవాడు ఆలోచించి పెట్టాడో లేదో గాని, తప్పు మాత్రం పెట్టలేదు.